కూకున్నోడి వాటా

మోకాళ్ల నొప్పులని నా దగ్గరికి వచ్చేవాళ్లలో రెండు రకాలవాళ్లంటే నాకు ఒళ్లు మంట. చెప్పిన వ్యాయామం చెయ్యకుండానే చేశామని దబాయించేవాళ్లు ఒక రకం. చెప్పినదానికి రెట్టింపు చేసేసి, వాచిన కాలు తెచ్చి నా ముందు పెట్టేవాళ్లు ఇంకో రకం. కూర్మారావు ఈ రెండిట్లోనూ చేరడు. చెప్పింది చెప్పినట్టు, చెప్పినంతే చేసేవాడు. అటువంటివాళ్ల గురించి ఎవరూ పెద్దగా ఆలోచించరు. నేనూ మొదట్లో ఆలోచించలేదు.

నా గది కాశీబుగ్గలో, ఒక జీడిపప్పు కొట్టు మేడ మీద. మోకాళ్లు వంగనివాళ్లకి మేడ మీద వైద్యం ఏమిటమ్మా షాలినీ అని మా చుట్టాలంతా ఎత్తిపొడుస్తారు. కింద గదికి అద్దె మీరు కడతారా అంటే మాట మారుస్తారు. మాది టెక్కలి. ఆదివారం చర్చికి అక్కడికే వెళ్తాను. మిగతా రోజులన్నీ ఈ మేడ మీదే, ఉద్దానం మోకాళ్లు వంచుతూ చాపుతూ గడిచిపోతాయి. కొబ్బరిచెట్టు మీంచి పడ్డవాళ్లు వస్తారు, జీడిగింజలు కొట్టీ కొట్టీ నడుము పట్టేసిన ఆడవాళ్లు వస్తారు, బండి మీంచి జారినవాళ్లు వస్తారు. ఫుట్‌బాల్ ఆటగాడు రావడం మాత్రం అదే మొదలు.

ముందు వాళ్లమ్మ అప్పలమ్మ వచ్చింది, ఖాళీ చేపల బుట్ట మెట్ల కింద పెట్టి. వెనకాల కొడుకు గోడ పట్టుకుని ఒక్కో మెట్టూ ఎక్కుతున్నాడు. ఆరడుగులు దాటిన మనిషి. చేతులు చూస్తే బెదురు పుట్టేంత పెద్దవి. కుర్చీలో కూర్చున్నాక ఆ చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియక కాసేపు ఒళ్లో, కాసేపు కుర్చీ అంచుల మీద పెట్టి చూశాడు.

"డాక్టరమ్మా, ఆడికి బేగి నయం సెయ్యి తల్లీ," అంది అప్పలమ్మ.

"నేను డాక్టర్ని కాదమ్మా, ఫిజియోని."

"ఏదో ఒకటిలే. బేగి సెయ్యి. అలగని మరీ బేగి సెయ్యకు. ఆడకపోయినా ఆడికి జీతం ఇత్తన్నారు."

నాకు నవ్వొచ్చింది. కూర్మారావుకి రాలేదు.

కాలు వంచి ఎంతవరకు వంగుతుందో చూస్తుంటే, అడగ్గా అడగ్గా అతనే చెప్పాడు. గోవా వైపు ఒక క్లబ్బుకి గోల్‌కీపరు. ఆ క్లబ్బు పేరు నేను రాయను. రాస్తే వాళ్లకి పోయేదేమీ లేదు, నా నోరే పాడవుతుంది. మ్యాచిలో గాల్లోకి లేచి బంతి పట్టుకుని దిగేటప్పుడు మోకాలు మెలితిరిగి లోపలి లిగమెంటు తెగిపోయింది. ఆపరేషను క్లబ్బే చేయించింది. గెలిచినప్పుడు ఇచ్చే బోనసు, మైదానంలో దిగినందుకు ఇచ్చే సొమ్ము ఆగిపోయాయి. నెల జీతం మాత్రం కాంట్రాక్టు ఉన్నన్నాళ్లూ ఇచ్చి తీరాలి. ఊరికే గది అద్దె దండగని కోలుకునేదాకా ఇంటికి పొమ్మన్నారు.

"అదృష్టవంతుడివే," అన్నాను.

"అవును మేడమ్," అన్నాడు. ఆ అనడంలో నాకు అదృష్టం ఏమీ వినిపించలేదు.

నిజానికి అది అతనికి అదృష్టమే. అంతకు ముందు కోల్‌కతాలో చిన్న చిన్న క్లబ్బుల్లో ఆడాడు. అక్కడ సీజన్ ఉన్నన్నాళ్లే కాంట్రాక్టు. ఆట అయిపోతే జీతం లేదు, దెబ్బ తగిలితే బ్యాగు సర్దుకోవడమే. ఆట లేని నెలల్లో గోదాముల దగ్గర బస్తాలు మోసి, మళ్లీ సీజన్ వచ్చేసరికి మైదానంలో నిలబడేవాడు. ఆడినా ఆడకపోయినా మనిషిని మనిషిగా లెక్కేసి ఏడాది పొడుగునా జీతమిచ్చిన మొదటి క్లబ్బు ఇదే. వచ్చే సీజన్‌కి కాలు బాగుపడితే తన చోటు తనకి ఉంటుందని కోచ్ మాటిచ్చాడు. ఈ వయసులో, కోసి కుట్టిన మోకాలుతో, ఈ క్లబ్బు వదిలేస్తే ఇంకో క్లబ్బు పిలవదు. ఆ సంగతి నాకు తెలుసు, అతనికి నాకన్నా బాగా తెలుసు.

కాబట్టి క్లబ్బు పెట్టిన షరతులన్నీ కళ్లకద్దుకుని పాటించేవాడు. ఇంకెక్కడా ఆడకూడదు. బండి నడపకూడదు. సముద్రంలో దిగకూడదు, బరువు పనులు చెయ్యకూడదు. వాళ్ల డాక్టరు సరే అనేదాకా సరదాకి కూడా బంతి ముట్టుకోకూడదు. వారం వారం వ్యాయామాలు వీడియో తీసి పంపాలి. వాళ్లమ్మ ఫోను పట్టుకుని తీసేది. ఆవిడ తీసిన వీడియోల్లో మోకాలు తప్ప అన్నీ పడేవి. గుమ్మం, కోడిపెట్ట, ఆరేసిన వల, అప్పుడప్పుడూ ఆవిడ బొటనవేలు. మళ్లీ తియ్యమంటే, "నాకు సేపల బేరం నేదనుకున్నావేట్రా," అని కసిరి మళ్లీ తీసేది.

వాళ్లది వజ్రపుకొత్తూరు దాటాక సముద్రపొడ్డున ఉన్న చిన్న ఊరు. ఊళ్లో సగంమంది కుర్రాళ్లు గుజరాత్ పడవల మీద పనికి వెళ్లిపోతారు. మిగిలినవాళ్లు తెల్లారేసరికి వేటలో ఉంటారు. ఆడవాళ్లు చేపలు అమ్మడానికి బస్సెక్కేస్తారు. పగలంతా ఆ ఊళ్లో మిగిలేది పసిపిల్లలు, రోగులు, కూర్మారావు. ఇతనికి జీతం ఎందుకొస్తుందో ఊరికి ఎంత చెప్పినా అర్థం కాలేదట. చివరికి ఎవరో తేల్చారు. "వేట నిషేధం రోజుల్లో సముద్రంలోకి ఎల్లొద్దని మనకి గవర్నమెంటు డబ్బులు ఇత్తంది కాదేటి? ఆడికీ అలగే. ఆడొద్దని కంపెనీ ఇత్తంది." ఆ రోజు నుంచి అతని పేరు నిషేధం అయిపోయింది. కిరాణా కొట్టుకి వెళ్తే, "నిషేధానికి ఓ పేస్టియ్యండ్రా," అనేవారు. ఎకసెక్కమే, పగేమీ లేదు. కానీ ఆ పేరు పెట్టాక ఎవరూ అతన్ని పనికి పిలవడం మానేశారు.

సాయంత్రాలు ఊరి కుర్రాళ్లు ఇసుకలో బంతి ఆడేవారు. మొదట్లో గోల్‌లో నిలబడమని బతిమాలారు. రాకూడదని చెప్పాడు. కనీసం నిలబడి చూడమన్నారు. చూస్తుంటే బంతి తన వైపే దొర్లుకుంటూ వచ్చేది, కాలు పక్కకు తీసుకుని నిలబడాల్సి వచ్చేది. బంతి వస్తే తప్పుకునే గోల్‌కీపరుని చూసి వాళ్లకి నవ్వు, ఇతనికి ఏడుపు. దాంతో ఆ వేళకి కొబ్బరితోటల్లోకి నడక మొదలుపెట్టాడు. అక్కడ ఎవరూ ఉండరు.

ఇవన్నీ ఒక్క రోజున చెప్పినవి కావు. కాలు మీద మంచుగడ్డ పెట్టుకుని కూర్చున్నప్పుడు ముక్కలు ముక్కలుగా చెప్పినవి. క్లబ్బు ఆటగాళ్లందరికీ కలిపి ఫోనులో ఒక గ్రూపు ఉండేదట. కొత్త ఆటగాళ్లు వచ్చాక కొత్త గ్రూపు పెట్టుకున్నారు. అందులో ఇతన్ని కలపడం మర్చిపోయారు. పాత గ్రూపులో ఇతను పెట్టిన శుభాకాంక్షలకి జవాబు చెప్పే మనిషి లేడు.

"జీతం పడినప్పుడు ఫోను మోగుతాది మేడమ్," అన్నాడోసారి. "ఆ రోజు ఒక్కటీ, ఓహో, నేనున్నానని వాళ్లకి గుర్తుందనిపిస్తాది."

నేను కాలు ఇంకాస్త పైకెత్తమన్నాను.

కాశీబుగ్గకి అతను వచ్చే ఆటోలోనే తారకేశ్వరరావని ఇంకో పెద్దమనిషి వచ్చేవాడు. ఒకప్పుడు ఆ ఊళ్లో వల లాగే జట్టులో గట్టి మనిషట. కిడ్నీలు పోయాయి, పలాసలో డయాలసిస్. ఇతన్ని నా మెట్ల దగ్గర దింపి ఆయన ముందుకెళ్లేవాడు. తిరుగు ప్రయాణంలో ఇద్దరూ పక్కపక్కన కూర్చునేవారు, పెద్దగా మాట్లాడుకోకుండా.

ఆ పెద్దాయన గురించి అడిగితేనే నాకు కూకున్నోడి వాటా సంగతి తెలిసింది.

వాళ్ల ఊళ్లో పెద్దవల వేస్తారు. తెప్పలో వెళ్లి సముద్రంలో వలను చుట్టూ తిప్పి వేసి, రెండు కొసల తాళ్లూ ఒడ్డుకి తెస్తారు. ఒడ్డున రెండు వైపులా జట్టు నిలబడి లాగుతుంది. పడిన చేపల్లో వలకో వాటా, తెప్పకో వాటా, తాడు లాగిన ప్రతి మనిషికీ ఓ వాటా. లాగుతూ లాగుతూ జబ్బుకో దెబ్బకో పడిపోయినవాడికి కూడా సగం వాటా తీస్తారు. దానికి రెండే నియమాలు. వాడు ఒక్కసారైనా ఆ తాడు లాగినవాడై ఉండాలి. వల వేసిన రోజున ఒడ్డుకి వచ్చి, లాగడానికి ముందు తాడు కొసను చేత్తో ముట్టాలి. వాడు ముట్టేదాకా జట్టు లాగదు. ముట్టాక వాడు పక్కన కూర్చోవచ్చు.

"మా నాన్న కూడా అలాగే కూకున్నాడు," అన్నాడు కూర్మారావు. అతను హైస్కూల్లో ఉండగానే డ్రిల్లు మాస్టారు తీసుకెళ్లి విశాఖపట్నం స్పోర్ట్స్ హాస్టల్లో చేర్పించాడు. సెలవులకి వచ్చిన ప్రతిసారీ తండ్రి ఒడ్డున కూర్చుని కనపడేవాడు. ప్రతిసారీ కిడ్నీల జబ్బుకి ఇంకాస్త ఉబ్బిన మొహంతో. ఒకసారి వచ్చేసరికి ఆ చోటు ఖాళీగా ఉంది. అప్పట్నుంచి వాటాకి పోసిన చేపల కుప్ప కనపడితే మొహం తిప్పుకుని వెళ్లిపోతాడట. "తాడు నేనెప్పుడూ లాగలేదు మేడమ్. చిన్నప్పుడే వెళ్లిపోయాను కదా. నాకా వాటా రాదు. రాకపోవడమే మంచిది."

కాలు బాగుపడుతోంది. మెట్లు గోడ పట్టుకోకుండా ఎక్కుతున్నాడు. మెల్లగా పరిగెత్తించే రోజు దగ్గరకొచ్చిందని నేను క్లబ్బుకి రాసి పంపాను. సరిగ్గా అప్పుడే ఒక ఉదయం కూర్మారావు నా గదిలోకి నవ్వుతూ వచ్చాడు. అతను నవ్వగా చూడడం అదే మొదటిసారి. ప్యాంటు పైకి లాగితే మోకాలు గుమ్మడికాయలా వాచి ఉంది.

"ఏం చేశావ్?"

"వల లాగాను మేడమ్."

నేను తిట్టిన తిట్లు ఇక్కడ రాస్తే మా పాస్టరు గారు నన్ను చర్చికి రానివ్వరు. అన్నీ విని, నవ్వుతూనే చెప్పాడు. జట్టులో చాలామంది సోంపేటలో పెళ్లికి వెళ్లారు. ఆ రోజే కానాగంత చేపల గుంపు ఒడ్డుకి దగ్గరగా వచ్చింది. ఉన్నవాళ్లతోనే వల వేశారు. కుడివైపు తాడు మనుషుల్ని ఈడ్చుకుపోతోంది. జట్టు పెద్ద అప్పలసూరి ఇతనికి సొంత మేనమామ. ఆయన ఒడ్డున నిలబడ్డ ఇతని వైపు చూశాడు, మళ్లీ అటు తిరిగాడు.

"ఎవరూ పిలవలేదు మేడమ్. అంత కష్టంలో ఉండి కూడా నన్ను పిలవలేదు. అదే తట్టుకోలేకపోయాను. తాడు దగ్గర ఒక మనిషికి సరిపడా సందు కనపడింది. అందులోకి దూరిపోయాను."

ముందు ఒకడి వీపు, వెనక ఒకడి ఊపిరి, అందరి నోటా ఒకే కేక. ఆపరేషను అయిన తర్వాత మొదటిసారి ఆ రాత్రి ఒళ్లు తెలియకుండా నిద్రపోయానని చెప్పాడు. మోకాలు అన్ని వైపులా కదిపి చూశాను. కుట్టిన లిగమెంటు గట్టిగానే ఉంది. వాపు కొద్ది రోజుల్లో తగ్గిపోయేదే. "ఇంకోసారి చేస్తే నేనే విరగ్గొడతాను," అని పంపేశాను. నిజం చెప్పొద్దూ, అతను నవ్వుతూ మెట్లు దిగుతుంటే నాకు సంతోషంగానే అనిపించింది.

ఆ సంతోషాన్ని పాడు చేసినవాడు కామేశ్. అప్పలసూరి కొడుకు, కూర్మారావుకి బావమరిది, ప్రాణం పెట్టే మనిషి. పలాసలో ఫోన్ల కొట్లో పని చేస్తాడు. బావ తాడు లాగుతుంటే వీడియో తీశాడు. తీసి ఊరుకోవచ్చు కదా. పాట తగిలించి, "మోకాలు కోసినా మావోడు ఆగడు" అని రాసి, నలుగురికీ తెలియాలని క్లబ్బు పేరు కూడా దానికి అంటించి లోకం మీదికి వదిలాడు. ఉద్దానమంతా చూసి మెచ్చుకుంది. గోవాలో కూడా చూశారు.

క్లబ్బు ఆఫీసు నుంచి ఫోనొచ్చింది. చాలా మర్యాదగా మాట్లాడారట. వల లాగే సత్తువ ఉన్నవాడు ప్రాక్టీసుకి రాలేనని ఇంట్లో ఎలా కూర్చున్నాడని అడిగారు. సత్తువ లేదు, ఊరికే లాగానంటే, అలాగైతే క్లబ్బు సొమ్ముతో బాగుచేసిన కాలిని షరతు మీరి పాడు చేసుకున్నావన్నారు. ఎటు తిరిగినా తప్పు అతనిదే అయ్యింది. నాకు ఒళ్లు మండి, మోకాలికి ఏ నష్టమూ జరగలేదని పరీక్షల ఫొటోలతో సహా పెద్ద మెయిలు పెట్టాను. జవాబు లేదు. కాంట్రాక్టు మధ్యలోనే తెంపేసి, చివరిగా కొంత సొమ్ము చేతిలో పెట్టి సెలవన్నారు. ఆ సీజన్‌కి వాళ్లకి కొత్త గోల్‌కీపరు ముందే దొరికాడని తర్వాత తెలిసింది.

కామేశ్ నా గదికి వచ్చి కూర్చుని ఏడ్చాడు. "నాను ఆడికి మంచి సేద్దామనుకున్నానండీ. ఫోన్లోంచి ఆ వీడియో తీసీసినాను కూడా." తీసేస్తే మాత్రం ఏం లాభం? మన పిల్లాడు చేసిన పని పదిమందికీ చూపించుకోవడం వాళ్ల ఊళ్లో తప్పు కాదు. ఆ అబ్బాయిని తిట్టడానికి నాకు నోరు రాలేదు.

కూర్మారావు నా దగ్గరకు రావడం మానేశాడు. ఫోను ఎత్తడు. ఇంక డబ్బులివ్వక్కర్లేదు, రా, కాలు మధ్యలో వదిలెయ్యకూడదని మెసేజీ పెట్టినా పలకలేదు. ఒక సెలవు రోజున పొద్దున్నే మొదటి బస్సెక్కి వాళ్ల ఊరు వెళ్లాను. మొహం మీదే నాలుగు చివాట్లు పెడదామని.

అప్పలమ్మ గుమ్మంలో కూర్చుని ఉంది. నన్ను చూడగానే కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

"అన్నం సరిగ్గా తినడు తల్లీ. గోడ కేసి తిరిగి తొంగుంటాడు. మొన్న ఒడ్డుకి ఎల్తే, తాడు ముట్టకపోయినా మా తమ్ముడు ఆడికి వాటా తీసేడు. ఆ కుప్ప ఆడి ముందల పోసీసరికి పాము కరిసినోడిలాగ లేసి వచ్చీసినాడు. ఆ సేపలు ఎవులూ ముట్టలేదు. కాకులు తినీసినాయి."

నాకు అర్థమైంది. ఆ ఒక్కరోజు తాడు లాగినందుకు, ఊరి లెక్కలో అతను ఇప్పుడు జట్టు మనిషి. దెబ్బ తిన్న జట్టు మనిషి. ఎప్పుడూ లాగని తాడు ఒక్కసారి లాగి, తండ్రి కూర్చున్న చోటు సంపాదించుకున్నాడు. క్లబ్బు నీ ఆట అయిపోయిందని చెప్పింది. సొంత ఊరు కూడా ఆ మాటే చేపలు పోసి చెప్పిందని అతని బాధ.

లోపలికి వెళ్లాను. నిజంగానే గోడ వైపు తిరిగి ఉన్నాడు. నేను నోరు తెరిచేలోగా కామేశ్ పరిగెత్తుకుంటూ వచ్చాడు.

"బావా, లెగు! అయ్య తాడు ఆపీసినాడు. నువ్వొచ్చి ముట్టే వరకూ లాగనన్నాడు."

"లాగీమను," అన్నాడు గోడతో.

"మొన్నట్నించి రెండు మాట్లు పిలిపించి, నువ్వు రాకపోతే లాగీసేం. ఇయాల ఇనడు. వల సముద్రంలో ఉంది బావా. సేపలు ఎల్లిపోతన్నాయి. అందరూ తిడతన్నారు. ఒక్క మనిసీ తాడు ఒగ్గట్లేదు."

కూర్మారావు లేచాడు. కోపంతో లేచాడు. కుంటుకుంటూ, ఎదురుగా ఎవరున్నారో చూడకుండా ఇసుకలో పడి నడిచాడు. వెనకాలే మేమూ వెళ్లాం.

ఒడ్డున రెండు వైపులా జట్టు నిలబడి ఉంది. తాళ్లు బిగుసుకుని ఉన్నాయి. కెరటం వెనక్కి పోయినప్పుడల్లా తాడు వాళ్లని ముందుకి లాగుతోంది, మడమలు ఇసుకలో దిగేసి ఆపుకుంటున్నారు. ఎండ అప్పటికే చురుక్కుమంటోంది. చెమటలు కారుతున్నాయి. ఎవరూ లాగడం లేదు. తాడు కొస దగ్గర తారకేశ్వరరావు తువ్వాలు పరుచుకుని కూర్చున్నాడు. తను ముట్టాల్సింది ముట్టేశాడు.

"లాగండి మావా!" అని అరిచాడు కూర్మారావు. "నా కోసం ఆపడం ఏటి? నేనెవర్ని?"

అప్పలసూరి తాడు వదలకుండానే తల తిప్పాడు. పొట్టి మనిషి, నల్లగా, తాడు మాదిరిగా మెలితిరిగి ఉన్నాడు.

"ముట్టు," అన్నాడు.

"మా నాన్నకి ఇచ్చినట్టు నాకియ్యకు మావా. ఆయన చచ్చిపోయాడు. నేనింకా..." మాట పూర్తికాలేదు. ఆరడుగుల మనిషి అంతమంది ముందు మోచేత్తో మొహం తుడుచుకున్నాడు.

"మీ నాన్న సచ్చిపోయేడు. అవునురా. రోగం వచ్చి సచ్చిపోయేడు. కానైతే ఒక్కడే కూకుని సావలేదు. తాడు లాగీ ముందల అందరం ఆడి మొకం సూసీవోళ్లం. ఎల్లిపోయే రోజు వరకూ సూసేం." కెరటం లాగింది. అప్పలసూరి మడమలు బిగపట్టాడు. "నువ్వు ఆడుకోడానికి ఎల్లిపోతావో, ఈడే ఉండిపోతావో నాకు తెల్దు. కాలు బాగైతే ఎల్లిపో. ఎవుడొద్దన్నాడు? బాగయ్యీ వరకూ ఎవుడో ఒకడు నీ మొకం సూడాల కాదేట్రా? ముట్టు, బేగి. సేతులు కోసుకుపోతన్నాయి."

అందరూ అతని వైపే చూస్తున్నారు. నిషేధమని ఎకసెక్కం చేసినవాళ్లూ అందులోనే ఉన్నారు. ఒక్కడూ నవ్వలేదు. కూర్మారావు తాడు కొస దాకా నడిచాడు. తర్వాత మంచి కాలు మడిచి, బాగులేని కాలు చాపి, నేను నేర్పినట్టే వంగాడు. తడి ఇసుకలో పడి ఉన్న తాడు కొస మీద అరచెయ్యి పెట్టాడు.

అప్పలసూరి కేక వేశాడు. తాళ్లు రెండూ ఒక్కసారి కదిలాయి.

కదిలే తాడు మీద కూర్మారావు వేళ్లు బిగుసుకోవడం చూశాను. అప్పలసూరీ చూశాడు. "ముట్టేవు, సాలు. కూకో," అన్నాడు. వేళ్లు ఒక్కొక్కటే విడిచాయి. ఎక్కడ కూర్చోవాలో తెలియక ఒక నిమిషం అలాగే ఉన్నాడు. తారకేశ్వరరావు తువ్వాలు కాస్త పక్కకి జరిపాడు. ఆ సగం మీద కూర్చున్నాడు.

చివాట్లు పెడదామని వచ్చిన సంగతి నేను మర్చిపోయాను. వాళ్ల వెనకాల ఇసుకలో చెప్పులు విప్పి నిలబడ్డాను. జట్టు కేకలు వేస్తూ లాగుతోంది. వల ఇంకా చాలా దూరంలో ఉంది. చేపలు ఎన్ని మిగిలాయో ఎవరికీ తెలియదు. వాళ్లిద్దరూ దాని వైపే చూస్తున్నారు. ఒకే తువ్వాలు మీద కూర్చున్నా, ఎవరి దిగులు వాళ్లకే ఉన్నట్టు కనపడింది నాకు.

కొంతసేపటికి తారకేశ్వరరావు అడిగాడు. "ఒరే, మీ ఆటలోన కూడా ఇలగే ఉంతాదేట్రా? దెబ్బ తగిలినోడు వచ్చి బంతి ముట్టీ వరకూ మిగతావోళ్లు ఆడకుండా ఆగుతారా?"

కూర్మారావు సముద్రం మీంచి చూపు తిప్పలేదు.

"నేదు పెదనాన్నా. బంతి ముట్టుకోకూడదంటారు. జీతం పంపుతారు."

"మరి నిన్నెవరూ సూడరేటి?"

"సూడరు."

పెద్దాయన ఆ మాట కాసేపు నమ్మలేదు. తర్వాత అతని వీపు మీద చెయ్యేశాడు.

"అదేం జట్టురా?" అన్నాడు.